లెస్లీ వాన్ హూటెన్ కేసు: "ఎందుకు లొంగిపోయావు?" అన్న ప్రశ్నకు ఎంత జవాబు చెబితే సరిపోతుంది

2022 మార్చిలో కాలిఫోర్నియా గవర్నర్ గావిన్ న్యూసమ్ ఒక ఖైదీ పెరోల్‌ను, అంటే పర్యవేక్షణ మీద జైలు నుంచి విడుదలను, తిరస్కరించారు. ఆయన చెప్పిన కారణాల్లో ఒకటి నన్ను చాలాకాలం వదల్లేదు. 1969లో తన అనుచరులతో హత్యలు చేయించిన కల్ట్ (ఒక మనిషిని గుడ్డిగా నమ్మే గుంపు) నాయకుడు చార్లెస్ మాన్సన్ ప్రభావానికి అసలు ఎలా లొంగిపోయిందో ఆమె ఇస్తున్న వివరణ సరిపోవడం లేదు, కాబట్టి ఆమెను బయటికి పంపడం ప్రమాదం అన్నది దాని సారాంశం. ఆ ఖైదీ పేరు లెస్లీ వాన్ హూటెన్, అప్పటికి వయసు 72. మాన్సన్ గుంపు చేసిన ఒక దంపతుల హత్యలో ఆమెకూ పాలుంది. ఆ నేరం చేసినప్పుడు ఇంకా ఇరవై నిండలేదు. ఈ ఒక్క ప్రశ్నకే ఆమె పెరోల్ బోర్డుల ముందు, జైలు సైకాలజిస్టుల ముందు దశాబ్దాల తరబడి జవాబు చెబుతూ వచ్చింది.

నేను క్లినికల్ సైకాలజిస్టుని. పిల్లలు ఏదో ఒక గురువు దగ్గరో, ప్రార్థన గుంపులోనో చేరి ఇంటికి దూరమైపోయారని వచ్చే కుటుంబాలతో పని చేస్తుంటాను. వాళ్లు కూడా మొదట అడిగేది ఇదే: మా పిల్లే ఎందుకు? మా పెంపకంలో ఏం లోపం? అందుకే ఈ కేసును మొదటి నుంచి చివరిదాకా రాస్తున్నాను. ముందే ఒక మాట చెప్పాలి. ఆమెను నేను ఎప్పుడూ కలవలేదు, పరీక్షించలేదు, కాబట్టి ఫలానా జబ్బు అని ముద్ర వేసే హక్కు నాకు లేదు. కోర్టు తీర్పుల్లో, విచారణ రికార్డుల్లో, పెరోల్ హియరింగుల్లో బయటికి వచ్చిన సమాచారం మీద ఒక ఫార్ములేషన్ మాత్రం చేయొచ్చు, అంటే ఏం జరిగింది, ఏ వరసలో జరిగింది, ఏది దేనికి దారి తీసింది అని. ఈ కేసులో వరసే ముఖ్యం అని నా నమ్మకం.

హిస్టరీ

పుట్టింది 1949 ఆగస్టు 23న, లాస్ ఏంజెలెస్ ప్రాంతంలో. మధ్యతరగతి కుటుంబం. తండ్రి వేలంపాటలు నడిపే పనిలో ఉండేవాడు, తల్లి స్కూల్ టీచర్. ఒక అన్నయ్య ఉన్నాడు, కొరియా నుంచి దత్తత తెచ్చుకున్న ఇద్దరు చిన్నపిల్లలు ఉన్నారు. చర్చి, పాటలు, స్కూల్లో మంచి పేరు. మన్రోవియా హైస్కూల్లో తోటి పిల్లలు ఓట్లేసి వేడుకలకు ఎన్నుకునే "ప్రిన్సెస్"లలో ఆమె ఒకతె. ఇంట్లో కొట్టారని, తిండి పెట్టలేదని, వేధించారని ఎక్కడా లేదు. ఇది చదివి నిరాశపడేవాళ్లు ఉంటారు, ఎందుకంటే ఇంత పెద్ద నేరం వెనకాల అంత పెద్ద గాయం ఉండి తీరాలని మనసు కోరుకుంటుంది.

పద్నాలుగేళ్లప్పుడు అమ్మానాన్నలు విడిపోయారు. తండ్రి ఇల్లు వదిలి వెళ్లాడు. ఆ తర్వాత ఒక అబ్బాయితో ప్రేమ, అతనితో కలిసి గంజాయి, భ్రమలు కలిగించే ఎల్ఎస్‌డీ అనే మత్తుమందు. ఇద్దరూ కొన్నాళ్లు ఇంట్లో చెప్పకుండా శాన్‌ఫ్రాన్సిస్కో పారిపోయి తిరిగొచ్చారు. పదిహేడేళ్లకు గర్భం. తల్లి పట్టుబట్టి గర్భస్రావం చేయించిందని, ఆ తర్వాత తల్లికీ తనకూ మధ్య ఏదో తెగిపోయిందని ఆమె తర్వాతి కాలంలో చెప్పుకుంది. తల్లి వైపు నుంచి చూస్తే అది వేరే కథ కావచ్చు. భర్త వదిలేసి వెళ్లాక నలుగురు పిల్లలతో ఉన్న ఒక టీచరు, ఆ రోజుల్లో, ఆ ఊళ్లో ఏం చేయగలిగేదో ఆలోచించాలి. కానీ మా పనిలో ఒక ఘటన ఎవరికి ఎలా అనిపించిందన్నది కూడా సమాచారమే. ఆ పిల్లకు అది ఒక బిడ్డను పోగొట్టుకోవడం, పైగా దాని గురించి ఇంట్లో ఎవరితోనూ మాట్లాడే వీల్లేకపోవడం.

తర్వాతి భాగం తెలుగు పాఠకులకు కొంచెం దగ్గరగా అనిపిస్తుంది. హైస్కూల్ చివర్లో ఆమె మత్తు మానేసి, పరమహంస యోగానంద అమెరికాలో స్థాపించిన సెల్ఫ్ రియలైజేషన్ ఫెలోషిప్ వైపు వెళ్లింది. ధ్యానం నేర్చుకుంది, సన్యాసిని అవ్వాలనుకుంది. ఆమె ప్రేమించిన అబ్బాయి కూడా ఆ దారిలోనే వెళ్లాలనుకున్నాడు. అది ఎక్కువ కాలం నిలవలేదు. ఆఫీసు పని నేర్పే కోర్సు ఒకటి పూర్తి చేసింది. ఇక్కడ ఒక్క నిమిషం ఆగుదాం: తండ్రి పోయాడు, బిడ్డ పోయింది, ప్రేమ పోయింది, నమ్ముకున్న దారీ జారిపోయింది. చేతిలో ఒక సర్టిఫికెట్ ఉంది, కానీ తను ఎవరో చెప్పే మనుషులు చుట్టూ లేరు. 1968 వేసవిలో ఉత్తర కాలిఫోర్నియాలో బాబీ బోసొలే, కేథరిన్ షేర్ అనే ఇద్దరు ఊళ్లు తిరుగుతూ ఆమెకు తగిలారు. వాళ్లతో వెళ్లింది. ఆ దారి మాన్సన్ దగ్గరికి తీసుకెళ్లింది. అప్పటికి పంతొమ్మిదేళ్లు.

ఇందులో ఏ ఒక్కటీ హత్యకు కారణం కాదు. తల్లిదండ్రులు విడిపోయిన పిల్లలు, చిన్నవయసులో గర్భం వచ్చిన అమ్మాయిలు, ఎల్ఎస్‌డీ వాడినవాళ్లు ఆ ఏడాది కాలిఫోర్నియాలో లెక్కలేనంతమంది. ఈ హిస్టరీ మనకు చెప్పేది ఒక్కటే, ఆ వేసవిలో ఆ అమ్మాయి ఏ గుంపులోనైనా చేరడానికి తయారుగా ఉంది. దొరికిన గుంపు మంచిదైతే యోగా టీచరో, టైపిస్టో అయ్యుండేది, ఆమె పేరు మనకు తెలిసేది కాదు.

స్పాన్ రాంచ్‌లో ఏం జరిగింది

లాస్ ఏంజెలెస్‌కు ఉత్తరాన కొండల్లో, ఒకప్పుడు కౌబాయ్ సినిమాల షూటింగులు జరిగిన పాత రాంచ్ అది. యజమాని జార్జ్ స్పాన్, ఎనభైకి చేరిన, కళ్లు కనిపించని ముసలాయన. మాన్సన్ గుంపు ఆడపిల్లలు ఆయనకు వండిపెడుతూ, చూసుకుంటూ అక్కడ ఉచితంగా ఉండేవాళ్లు. మాన్సన్ 1967 మార్చిలో ఫెడరల్ జైలు నుంచి విడుదలయ్యాడు. అప్పటికే జీవితంలో సగానికి పైగా జైళ్లలో, బాలల సంస్థల్లో గడిపినవాడు. గిటారు వాయిస్తూ, నువ్వు ఉన్నదున్నట్టే బాగున్నావని చెబుతూ చుట్టూ పిల్లల్ని పోగు చేసుకున్నాడు.

కల్ట్ అనగానే చాలామంది హిప్నోటిజం లాంటిదేదో ఊహించుకుంటారు. రికార్డులో ఉన్నవి అంతకంటే చాలా మామూలు విషయాలు. రాంచ్‌లో గడియారాలు, క్యాలెండర్లు ఉండనిచ్చేవాడు కాదు. పాత పేర్లు పోయి కొత్త పేర్లు వచ్చాయి, లెస్లీని లూలూ అనేవాళ్లు. పసిపిల్లలు ఉంటే వాళ్లు కన్నతల్లి దగ్గర కాదు, అందరి పిల్లలుగా పెరగాలి. ఎల్ఎస్‌డీ అందరూ కలిసి తీసుకునేవాళ్లు, మాన్సన్ మాత్రం తక్కువ తీసుకుని, మిగతావాళ్లు మైకంలో ఉండగా మాట్లాడుతూ ఉండేవాడని గుంపులోంచి బయటికొచ్చినవాళ్లు చెప్పారు. నువ్వు అనేదాన్ని చంపేసుకోవాలి, అమ్మానాన్న నీలో నింపినదంతా ఖాళీ చేయాలి అన్నది రోజువారీ పాఠం. తండ్రి ఇల్లు వదిలి వెళ్లిపోయిన, తల్లి మీద కోపంతో ఉన్న అమ్మాయికి ఆ పాఠం ఎంత తీయగా వినిపించి ఉంటుందో చెప్పక్కర్లేదు.

తిండి కోసం ఆడపిల్లలు సూపర్ మార్కెట్ల వెనకాల చెత్తడబ్బాల్లో పారేసిన కూరగాయలు ఏరుకొచ్చేవాళ్లు. ఇది చాలా చిన్న సంగతి అనిపిస్తుంది. కానీ వేడుకల్లో కిరీటం పెట్టుకుని నిలబడ్డ అమ్మాయి చెత్తడబ్బాలోకి దిగడం అంటే, వెనక్కి వెళ్లే దారిలో ఒక మెట్టు తనే కూల్చుకోవడం. తర్వాత దొంగిలించిన క్రెడిట్ కార్డులు వచ్చాయి. ఆ తర్వాత "క్రీపీ క్రాల్" అని వాళ్లు పిలుచుకున్న పని. నల్లబట్టలు వేసుకుని అర్ధరాత్రి ముక్కూమొహం తెలియనివాళ్ల ఇళ్లలోకి దూరి, వాళ్లు నిద్రపోతుండగానే సామాన్లు అటూ ఇటూ జరిపి, చప్పుడు కాకుండా బయటికి రావడం. ఎవరినీ ఏమీ చేయరు. నా దృష్టిలో ఈ కేసు మొత్తంలో అన్నిటికంటే ముఖ్యమైన వివరం ఇది. మనం పరాయి ఇంటి గుమ్మం దగ్గర ఆగిపోతాం, ఎందుకని ఎవరూ అడగరు, కాళ్లే ఆగిపోతాయి. ఆ ఆగడాన్ని వాళ్లు ఆటలా పోగొట్టుకున్నారు. 1969 ఆగస్టు 10న, తర్వాత హత్యకు గురైన లాబియాంకా దంపతుల ఇంట్లోకి అడుగుపెట్టే వేళకు, నిద్రపోయేవాళ్ల ఇంట్లోకి వెళ్లడం అన్నది వాళ్లకు కొత్త కాదు.

ఇదంతా ఒకవైపు జరుగుతుంటే 1968 చివరి నుంచి మాన్సన్ మాటలు మారాయి. బీటిల్స్ కొత్త ఆల్బమ్‌లో తనకు సందేశాలు ఉన్నాయన్నాడు. నల్లవాళ్లకూ తెల్లవాళ్లకూ యుద్ధం వస్తుంది, ఆ సమయంలో మనం డెత్ వ్యాలీ ఎడారిలో ఒక గోతిలో దాక్కుంటాం, అంతా అయ్యాక బయటికి వచ్చి లోకాన్ని ఏలతాం అన్నాడు. బయట నిలబడి వింటే నవ్వొస్తుంది. లోపల ఉన్నవాళ్లకు అదొక్కటే వార్త. న్యూస్‌పేపర్ లేదు, తేదీ లేదు, అది తప్పని చెప్పే మనిషి ఒక్కడూ లేడు.

1969 ఆగస్టు

ఆగస్టు 9 తెల్లవారుజామున మాన్సన్ గుంపులోనివాళ్లు నటి షారన్ టేట్ ఇంట్లో ఐదుగుర్ని చంపారు. షారన్ అప్పటికి నిండు గర్భిణి. లెస్లీ అక్కడ లేదు. మర్నాడు ఆ సంగతి విని ఆమెకు కలిగిన భావన, ఆమే ఒప్పుకున్నది, తనను వదిలేసి వెళ్లారే అన్న వెలితి. తన స్నేహితురాలు ప్యాట్రీషియా క్రెన్‌వింకెల్ వెళ్లింది, తను వెళ్లలేదు. గుంపు కోసం తను కూడా అంత చేయగలనని నిరూపించుకోవాలనుకుంది. నా మీద నమ్మకంతో ఇది చేసేంత పిచ్చి నీకుందా అన్నట్టు మాన్సన్ అడిగితే, ఉందంది.

దీన్ని దాటేసి వెళ్లిపోకూడదు. మైకంలో ఉంది, ఏం జరుగుతుందో తెలియక కారెక్కింది అనడానికి వీల్లేదు. ముందు రాత్రి ఏం జరిగిందో తెలుసు. తెలిసే ఎక్కింది.

ఆ రాత్రి లెనో లాబియాంకా, రోజ్‌మేరీ లాబియాంకా దంపతులు ఒక సరస్సు దగ్గర సెలవు గడిపి కారులో ఇంటికొస్తూ, దారిలో పేపరు కొనుక్కున్నారు. అందులో టేట్ హత్యల వార్తే ఉంది. లెనో కిరాణా దుకాణాల వ్యాపారి, వయసు 44. రోజ్‌మేరీకి బట్టల షాపు ఉండేది. వాళ్లకు మాన్సన్ ఎవరో తెలియదు, అతనికి వాళ్లెవరో తెలియదు. మాన్సన్, గుంపులోని టెక్స్ వాట్సన్ కలిసి లోపలికి వెళ్లి, దొంగతనానికి వచ్చాం, మీకేం కాదని చెప్పి కట్టేశారు. తర్వాత మాన్సన్ బయటికి వచ్చి క్రెన్‌వింకెల్‌నూ లెస్లీనీ లోపలికి పంపి తను వెళ్లిపోయాడు.

పడకగదిలో లెస్లీ రోజ్‌మేరీ తలకు దిండు గలేబు తొడిగి, ల్యాంపు వైరు మెడకు చుట్టి పట్టుకుంది. హాల్లో భర్తను పొడుస్తున్న చప్పుడు విని రోజ్‌మేరీ, నా భర్తను ఏం చేస్తున్నారు అని అరిచింది, పెనుగులాడింది, వైరుకు ఉన్న ల్యాంపునే ఊపుతూ ఎదిరించింది. క్రెన్‌వింకెల్ పొడిస్తే కత్తి ఎముకకు తగిలి వంగిపోయింది. లెస్లీ గది గుమ్మం దగ్గరికి వెళ్లి వాట్సన్‌ను పిలిచింది. వాట్సన్ వచ్చి పొడిచాక, లెస్లీ చేతికి కత్తి ఇచ్చి నువ్వూ ఏదో ఒకటి చెయ్యి అన్నాడు. ఆమె రోజ్‌మేరీ నడుము కిందిభాగంలో పద్నాలుగు నుంచి పదహారు సార్లు పొడిచింది. రోజ్‌మేరీ ఒంటి మీద మొత్తం 41 పోట్లు. అప్పటికే ప్రాణం పోయిందనుకున్నానని లెస్లీ తర్వాత చెప్పింది. నా వరకు ఆ మాట పెద్దగా తేడా చేయదు. వాట్సన్‌ను పిలిచింది తనే.

ఆ తర్వాత ఇల్లంతా తుడిచి వేలిముద్రలు చెరిపింది. రోజ్‌మేరీ బట్టలే వేసుకుంది. ఫ్రిజ్‌లో ఉన్నది తిని, తాగి, దారిన పోయే కారు ఆపి లిఫ్ట్ అడిగి రాంచ్‌కు చేరుకున్నారు. తెచ్చిన చిల్లర నాణేలు లెక్కపెట్టింది, బట్టలు కాల్చేసింది. గుంపులో తనకంటే చిన్న అమ్మాయితో, పొడిచే కొద్దీ సరదాగా అనిపించిందన్నట్టు చెప్పింది, ఆ అమ్మాయి కోర్టులో సాక్ష్యం ఇచ్చింది. శవాల్ని చూసినవాళ్లలో రోజ్‌మేరీ టీనేజీ కొడుకు ఒకడు.

ఇంత వివరం ఎందుకు రాశానంటే, ఇలాంటి కేసుల్లో మాలాంటివాళ్లం ఒక పొరపాటు దారిలో పడే ప్రమాదం ఉంది. నేరస్థురాలి మనసు లోపలికి వెళ్తూ వెళ్తూ చనిపోయినవాళ్లను గుమ్మం బయటే వదిలేస్తాం. ప్రభావం కింద జరిగింది అన్న ప్రతి వాక్యం పక్కన, ఆ గదిలో ఆ అరుపు ఉండాలి.

విచారణలు, శిక్ష

1970లో విచారణ మొదలైంది. లెస్లీ, క్రెన్‌వింకెల్, గుంపులోని ఇంకో అమ్మాయి సూజన్ అట్కిన్స్, ఈ ముగ్గురూ నవ్వుతూ, పాటలు పాడుతూ కోర్టుకొచ్చారు, మాన్సన్ నుదుటి మీద గాటు పెట్టుకుంటే వాళ్లూ పెట్టుకున్నారు. మాన్సన్‌ను తప్పించడానికి నేరమంతా తమ మీద వేసుకోవడానికి సిద్ధపడ్డారు. లెస్లీ లాయర్ రోనాల్డ్ హ్యూస్ ఆమె కేసును మాన్సన్ కేసు నుంచి విడదీయాలని చూశాడు. ఆ నవంబర్‌లో కోర్టు విరామంలో అడవి ప్రాంతానికి వెళ్లి కనిపించకుండా పోయాడు, నెలల తర్వాత శవం దొరికింది. వేరే లాయర్‌తో విచారణ సాగింది. 1971లో మరణశిక్ష పడింది, అప్పటికి ఆమెకు 21 ఏళ్లు. 1972లో కాలిఫోర్నియా సుప్రీంకోర్టు మరణశిక్షనే కొట్టేయడంతో జీవితఖైదుగా మారింది.

లాయర్ మాయమయ్యాక విచారణ ఆపి మళ్లీ మొదలుపెట్టాల్సిందని 1976లో అప్పీల్ కోర్టు ఆమె శిక్షను రద్దు చేసింది. 1977లో రెండో విచారణ. ఈసారి ఆమె మాన్సన్ మనిషి కాదు, మానసిక స్థితి గురించి వాదించింది, జ్యూరీ 7-5గా చీలిపోయి తీర్పు తేలలేదు. కొన్ని నెలలు బెయిల్ మీద బయట ఉండి, ఏ గొడవా లేకుండా బతికింది. 1978లో మూడో విచారణలో ప్రాసిక్యూషన్ దోపిడీ సమయంలో జరిగిన హత్య అన్న వాదన తెచ్చింది. బట్టలు, చిల్లర తీసుకెళ్లారు కదా. ఈ వాదనలో, ఆ క్షణంలో ఆమె బుర్ర ఎంత పని చేస్తోందన్న ప్రశ్నకు పెద్దగా చోటు ఉండదు. రెండు హత్యలకు, కుట్రకు దోషిగా తేలింది. ఏడేళ్ల నుంచి జీవితకాలం దాకా శిక్ష, పెరోల్‌కు అర్హత ఉంది.

గుంపు నుంచి బయటపడడం

జైలుకు వెళ్లగానే మబ్బు విడిపోయిందనుకుంటే తప్పు. మరణశిక్ష పడిన ముగ్గురు అమ్మాయిల్ని మహిళల జైల్లో మిగతా ఖైదీల నుంచి వేరు చేసి ఒకేచోట పెట్టారు. భద్రత కోసం చేసిన ఏర్పాటే, కానీ ఫలితం ఏంటంటే మాన్సన్ లేని మాన్సన్ గుంపు అక్కడ కొనసాగింది. అవే పేర్లు, అవే మాటలు, ఒకరి నమ్మకానికి ఇంకొకరు కాపలా. 1972 తర్వాత కార్లీన్ ఫెయిత్ అనే పరిశోధక విద్యార్థిని లాంటివాళ్లు లోపలికి వెళ్లి పాఠాలు చెప్పడం, పుస్తకాలు, చర్చలు మొదలయ్యాయి. మాన్సన్ అబద్ధం చెప్పాడని ఎవరూ వాళ్లతో వాదించి గెలవలేదు. వాళ్లు వేరే విషయాల గురించి మాట్లాడటం మొదలుపెట్టారు, ఆ మాటల్లో మాన్సన్ పదాలు పనికిరాకుండా పోయాయి. ఒక్క రోజులో కాదు, కొన్నేళ్లు పట్టింది. మా పిల్లతో కూర్చుని నాలుగు గంటలు వాదించండి డాక్టర్ అని అడిగే తల్లిదండ్రులకు నేను ఈ భాగమే చెబుతాను.

గుంపు నమ్మకం విడిపోతున్నకొద్దీ ఇంకొకటి మీద పడింది, చేసిన పని. యుద్ధం రాలేదు, రాదు, అయితే రోజ్‌మేరీని ఎందుకు చంపినట్టు? నమ్మకం ఉన్నన్నాళ్లు ఆ ప్రశ్నకు జవాబుండేది. నమ్మకం పోయాక మిగిలింది తను, ఆ గది. ఇలాంటివాళ్లలో కొందరు ఈ దశలో ఇంకో నమ్మకంలోకి దూకేస్తారు. లెస్లీ చదువులో పడింది. జైలు నుంచే ఇంగ్లీషు సాహిత్యంలో డిగ్రీ, 2012లో హ్యుమానిటీస్‌లో మాస్టర్స్ పూర్తి చేసింది, తోటి ఖైదీలకు చదువు చెప్పింది, మద్యం, మత్తు మానేసేవాళ్ల బృందాల్లో పని చేసింది. జైలు సైకాలజిస్టులు చేసిన రిస్క్ అసెస్‌మెంట్లు మళ్లీ హింసకు పాల్పడే అవకాశం తక్కువనే చెబుతూ వచ్చాయి.

ఫార్ములేషన్, లేదా ఆ చిక్కుముడి

మానసిక రుగ్మతల అమెరికన్ వర్గీకరణలో, 2013 ఎడిషన్‌లో, దీర్ఘకాలం తీవ్రమైన బలవంతపు బోధకో (బ్రెయిన్‌వాషింగ్), కల్ట్ ప్రభావానికో గురైనవాళ్లలో తను ఎవరన్న స్పృహ దెబ్బతినడం గురించి డిసోసియేటివ్ రుగ్మతల (స్పృహ, జ్ఞాపకం, తను ఎవరన్న ఎరుక ఒకదానితో ఒకటి తెగిపోయే రుగ్మతల) కింద ఒక ప్రస్తావన ఉంది. ఆ వాక్యం 1970లో ఉండి ఉంటే కోర్టులో ఎవరైనా వాడేవాళ్లేమో. కానీ నాకు ఆ లేబుల్ మీద పెద్ద ఆశ లేదు. లేబుల్ స్థితిని చెబుతుంది, దారిని చెప్పదు. దారి పైన రాసినదే: తెగిన బంధాలు, ఖాళీ, ఆ ఖాళీలోకి వచ్చిన ఆప్యాయత, తర్వాత సమయం, పేరు, నిద్ర, బయటి వార్త ఒక్కొక్కటిగా చేజారడం, తర్వాత చెత్తడబ్బా, క్రెడిట్ కార్డు, పరాయి ఇల్లు, చివరికి కత్తి. ప్రతి మెట్టూ ముందు మెట్టు కంటే కొంచెమే ఎత్తు. ఆమెలో ఏదో దాగి ఉన్న రాక్షసి అవసరం లేదు ఇది జరగడానికి. అదే సమయంలో ప్రతి మెట్టూ ఎక్కింది ఆమె కాళ్లే.

పెరోల్ బోర్డులకు ఈ రెండు వాక్యాలు కలిపి వినడం కష్టమైంది. మాన్సన్ పాత్ర గురించి మాట్లాడితే, తప్పును అతని మీదికి నెడుతోంది, బాధ్యత తీసుకోవడం లేదు అన్నారు. అందులో కొంత నిజం కూడా ఉంది, మొదటి ఏళ్లలో ఆమె మాటల్లో మాన్సన్, మత్తు ఎక్కువ వినిపించేవి. ఏళ్లు గడిచేకొద్దీ, నేనే ఎక్కాను, నేనే వెళ్లాను, మాన్సన్‌ను అంతటివాణ్ని చేసిన వాళ్లలో నేనూ ఉన్నాను అనే దాకా వచ్చింది. అప్పుడు కొత్త అభ్యంతరం వచ్చింది: అంత మామూలు కుటుంబం నుంచి వచ్చిన అమ్మాయి ఇంత పని చేసిందంటే, నువ్వు చెప్పినవి సరిపోవు, ఇంకేదో ఉండాలి. ఒకవైపు వెళ్తే సాకు, ఇంకోవైపు వెళ్తే దాచడం. యాభై ఏళ్ల ముందటి పంతొమ్మిదేళ్ల మనసులో ఇంకా బయటపడని కారణం ఒకటి ఉందని అనుమానిస్తే, అది లేదని ఎవరు నిరూపించగలరు? నేను నిరూపించలేను. నా క్లయింట్లూ నిరూపించలేరు.

చట్టం అడిగేది అది కాదు కూడా. కాలిఫోర్నియాలో పెరోల్ ప్రశ్న ఆ మనిషి ఇప్పుడు ప్రమాదమా కాదా అన్నది. నేరం ఎంత ఘోరమన్నది ఒక్కటే చాలదు, ఆ ఘోరానికీ ఇప్పటి ప్రమాదానికీ లింకు చూపించాలి. చిన్నవయసులో నేరం చేసినవాళ్ల విషయంలో ఆ వయసు లక్షణాలకు, అంటే తొందరపాటు, తోటివాళ్ల ఒత్తిడికి లొంగడం, తర్వాత వచ్చిన ఎదుగుదల, వీటికి ఎక్కువ విలువ ఇవ్వాలని ఆ రాష్ట్రం కొత్త చట్టాలు కూడా తెచ్చింది. 2016 నుంచి 2021 మధ్య బోర్డు ఐదుసార్లు ఆమెకు పెరోల్ ఇవ్వొచ్చంది. గవర్నర్ జెర్రీ బ్రౌన్ రెండుసార్లు, న్యూసమ్ మూడుసార్లు తిప్పికొట్టారు. చివరికి 2023 మే 30న అప్పీల్ కోర్టు ముగ్గురు జడ్జీల్లో ఇద్దరు, ఆమె వివరణలో ఏదో లోటు ఉందనడానికి రికార్డులో ఆధారం లేదన్నారు. ఆమె దశాబ్దాలుగా చేసిన థెరపీ, ఆత్మపరిశీలన, పశ్చాత్తాపం, వయసు అన్నీ లెక్కలోకి తీసుకున్నారు. మూడో జడ్జి ఒప్పుకోలేదు.

నేను ఆ ఇద్దరితో ఏకీభవిస్తాను. అయినా లాబియాంకా కుటుంబం ప్రతిసారీ వచ్చి వద్దని చెప్పడాన్ని ప్రతీకారం అని కొట్టిపారేసేవాళ్లతో అస్సలు ఏకీభవించను. ప్రతి హియరింగ్‌లోనూ ఆ రాత్రి మళ్లీ చదువుతారు, కత్తిపోట్లు మళ్లీ లెక్కపెడతారు, నేరస్థురాలి మార్పు గురించి నిపుణులు మెచ్చుకుంటూ మాట్లాడతారు, ఆ గదిలోనే బాధితుల పిల్లలు, మనవలు కూర్చుని వినాలి. ఆమె మారిందని ఒప్పుకోవడం వాళ్ల పని కాదు. అంచనా వేసేది మాలాంటివాళ్లం, బోర్డు, కోర్టు. ఆ బరువును కుటుంబం మీదికి నెట్టకూడదు, వాళ్ల బాధను రిస్క్ అంచనాలో కలిపేయకూడదు కూడా. రెండూ వేర్వేరు కాగితాలు.

మా దగ్గరికి వచ్చే కుటుంబాలకు ఈ కేసు నుంచి నేను తీసుకెళ్లేది చాలా మామూలు సంగతులు. గురువు ఏం బోధిస్తున్నాడని నేను ముందు అడగను. ఫోన్ ఎవరి దగ్గర ఉంది, రాత్రి ఎన్ని గంటలు పడుకోనిస్తున్నారు, డబ్బు, సర్టిఫికెట్లు ఎవరి చేతిలో ఉన్నాయి, పేరు మార్చారా, చేరకముందు ఏడాదిలో ఏం పోగొట్టుకుంది, ఈ మధ్య ఇంతకుముందు సిగ్గుపడే పని ఏదైనా గర్వంగా చెప్పిందా అని అడుగుతాను. ఆఖరి దానికి అవునని సమాధానం వస్తే నాకు టెన్షన్ మొదలవుతుంది. మిగతా వాటికి ఇంటివాళ్లు ఓపికగా, తిట్టకుండా, ఫోన్ ఎత్తినప్పుడల్లా మాట్లాడుతూ ఉండమంటాను. లెస్లీ జీవితంలో ఆ ఏడాది వెనక్కి రావడానికి ఒక గొంతు అందుబాటులో ఉండి ఉంటే ఏమయ్యేదో ఎవరూ చెప్పలేరు, కానీ ఈరోజు నా ముందు కూర్చున్న తల్లి చేతిలో ఉన్నది ఆ ఒక్కటే.

న్యూసమ్ పైకోర్టుకు వెళ్లనని 2023 జులైలో ప్రకటించారు. జులై 11న, 73 ఏళ్ల వయసులో, ఐదు దశాబ్దాలకు పైగా జైల్లో గడిపి లెస్లీ వాన్ హూటెన్ విడుదలైంది. మాన్సన్ 2017లోనే ఖైదీగా చనిపోయాడు. సూజన్ అట్కిన్స్ 2009లో క్యాన్సర్‌తో, ఆమె కూడా ఖైదీగానే. లెస్లీని మొదట బయటి జీవితం అలవాటయ్యే దాకా ఉంచే వసతికి పంపారు, గరిష్ఠంగా మూడేళ్లు పెరోల్ పర్యవేక్షణ, ఏడాది తర్వాత సమీక్ష. రిస్క్ పరంగా నేను చూసేది ఆమె మళ్లీ ఎవరినైనా పొడుస్తుందా అని కాదు. ఇంటర్నెట్, బ్యాంకు కార్డు, ఒక సూపర్ మార్కెట్‌లో సొంతంగా సరుకులు కొనడం, ఇవేవీ తెలియని వయసులో లోపలికి వెళ్లిన మనిషికి, పేరు వినగానే దూరం జరిగే జనం మధ్య, రోజూ పలకరించే నలుగురు మనుషులు దొరుకుతారా అన్నది. పర్యవేక్షణ అధికారి రిపోర్టులో నేనైతే మొదట ఆ వివరమే వెతుకుతాను.